సాన్ లొరెంజో వంటింట్లో ఆగస్టు 15

రోములో ఆగస్టు 15న ఇళ్ళలో వండేది కోడి. ఎర్రవీ పసుపువీ కాప్సికాలు వేసి వండిన కోడికూర, దానికంటే ముందు అదే కోడి కార్జం, గుండెకాయ, కందనకాయలతో చేసిన పాస్తా, చివర్లో చల్లటి పుచ్చకాయ ముక్కలు, ఇదీ ఆ రోజు భోజనం. పండగ పేరు ఫెర్రగోస్తో. క్రీస్తుపూర్వం 18లో అగస్టస్ చక్రవర్తి కోతలయ్యాక జనం విశ్రాంతి తీసుకోడానికి పెట్టిన సెలవులతో అది మొదలైందని అక్కడివాళ్ళు చెప్తారు, తర్వాత మరియమాత స్వర్గారోహణ పండగ కూడా అదే రోజు కావడంతో రెండూ కలిసిపోయాయి. మనకి ఆ రోజు జెండా పండగ. నాకు ఆగస్టు 15 అంటే జెండాతో పాటు ఇంకొకటి కూడా గుర్తొస్తుంది, వేడి నూనెలో పడిన మరువం వాసన. మరువానికీ కోడికీ ఏం సంబంధం అంటారా, అదే రాద్దామని కూర్చున్నాను, కాస్త పొడుగవుతుంది.

నేను చదువుకోడానికి రోము వెళ్ళింది 2008లో. సపియెన్జా యూనివర్సిటీ, 1303లో పోప్ పెట్టిన పాత విద్యాలయం. నేను అద్దెకున్న గది దాని వెనకే, సాన్ లొరెంజో అనే పేటలో. రైలు పట్టాలని ఆనుకుని ఉన్న కార్మికుల పేట అది, తర్వాత్తర్వాత స్టూడెంట్లతో నిండిపోయింది. గోడల నిండా పోస్టర్లు, రాత్రి రెండింటి దాకా వీధిలో గోల, పొద్దున్నే కాఫీ మరిగే వాసన. మా బిల్డింగ్ మధ్యలో నాలుగు వైపులా వంటింటి కిటికీలు తెరుచుకునే చిన్న మండువా ఉండేది, కిటికీ కిటికీకీ మధ్య కప్పీల మీద లాగే బట్టల తీగలు. ఎవరింట్లో ఏం ఉడుకుతోందో అందరికీ తెలుస్తుంది. మా పై అంతస్తులో ఒక పెద్దావిడ ఒక్కరే ఉండేవారు. ఆవిడ తీగ మీంచి గాలికి జారిన దిండు గలీబులూ జేబురుమాళ్ళూ మా కిటికీ గట్టు మీద పడేవి, నేను మడతపెట్టి పైకి తీసుకెళ్ళి ఇచ్చేవాణ్ణి. అలా పరిచయం. ఆవిడ పేరు ఇక్కడ రాయను, నేను పిలిచినట్టే సిన్యోరా అంటాను.

2009 ఆగస్టులో నా ఫ్లాటులో ఉన్నవాళ్ళందరూ ఊళ్ళకి వెళ్ళిపోయారు. ఆగస్టులో రోము చూసినవాళ్ళకి తెలుస్తుంది, ఊరు ఊరంతా తాళం వేసినట్టు ఉంటుంది. రొట్టెల కొట్టు మూత, కాఫీ కొట్టు మూత, బట్టలు కుట్టేవాడు మూత, అన్ని షట్టర్ల మీదా సెలవులకి వెళ్ళామని చేత్తో రాసి అంటించిన కాగితాలు. బస్సులు తగ్గిపోతాయి. ఎండ మన కోస్తా ఎండలాగా ఉక్కపోయదు కానీ రాళ్ళు పరిచిన వీధులు పొయ్యిలా కాలుతుంటాయి. నాకు ల్యాబ్‌లో పని మిగిలి ఉండటం వల్ల ఉండిపోయాను. ఒక సాయంత్రం మెట్ల దగ్గర సిన్యోరా ఎదురుపడి ఫెర్రగోస్తోకి ఎక్కడికి వెళ్తున్నావని అడిగారు. ఎక్కడికీ వెళ్ళడం లేదన్నాను. ఆవిడ కాసేపు నా వైపు చూసి, "అయితే నా దగ్గర తిను. మా అబ్బాయి ఈ ఏడాది తోరినో నుంచి రావడం లేదు. ఒక్క మనిషి కోసం కోడి వండటం నాకు చేతకాదు. 14న పొద్దున్నే రా, సంచి మొయ్యాలి" అన్నారు.

అది పిలుపో పనో అర్థం కాలేదు కానీ నాకు ప్రాణం లేచొచ్చింది. ఇంటికి దూరంగా ఉన్నప్పుడు ఎవరైనా పిలిచి అన్నం పెడతానంటే ఎలా ఉంటుందో ఒంటరిగా బతికినవాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు.

14 పొద్దున సాంతా బిబియానా సొరంగంలోంచి పట్టాల కింద నుంచి నడిచి ఎస్క్విలీనో మార్కెట్‌కి వెళ్ళాం. ఆ మార్కెట్ నాకు బాగా తెలుసు. ఒకప్పుడు పియాజ్జా విత్తోరియో అనే పెద్ద చౌకులో ఆరుబయట ఉండేదట, 2001లో పక్కనే పాత బిల్డింగ్‌లోకి మార్చారు. బంగ్లాదేశ్ వాళ్ళ దుకాణాలు బోలెడు, బెండకాయ, కాకరకాయ, కొత్తిమీర, సన్న పచ్చిమిర్చి అన్నీ దొరికేవి. నేను ఎప్పుడు వెళ్ళినా ఆ వరసలోనే తిరిగి వచ్చేసేవాణ్ణి. సిన్యోరా నన్ను రెండో వైపు తీసుకెళ్ళారు. అక్కడ పొల్లేరియా అని కోళ్ళు మాత్రమే అమ్మే కొట్లు ఉంటాయి. తలకాయ, కాళ్ళతో సహా వేలాడదీసిన కోళ్ళు. ఆవిడ కాళ్ళ రంగు చూశారు, రొమ్ము ఎముక చివర వేలితో నొక్కి చూశారు, ముదురా లేతా అని. మా నాన్నమ్మ సంతలో కోడిని తలకిందులుగా పట్టుకుని నొక్కి చూసేది సరిగ్గా ఆ ఎముకనే. కోడి తీసుకున్నాక ఇంకో పావుకిలో కార్జాలూ కందనకాయలూ గుండెకాయలూ విడిగా తూయించుకున్నారు, ఎందుకంటే ఒక కోడిలో ఉండేది ఒక కందనకాయ, ఒక గుండెకాయ, దానితో ఇద్దరికి కూడా పాస్తా రాదు. తర్వాత కాప్సికాలు. పచ్చవి ముట్టుకోనివ్వలేదు. బాగా పండినవి, బరువుగా ఉన్నవి, ఎర్రవి సగం, పసుపువి సగం. టమాటాలు మెత్తగా, గీతలు గీతలుగా ఉన్న దేశవాళీ రకం. ఆగస్టులో ఈ రెండూ అక్కడ విరగకాస్తాయి, ఆ పండగకి ఆ కూర ఎందుకొచ్చిందో ఆ గంపలు చూస్తేనే తెలిసిపోతుంది.

ఇంటికొచ్చి సింకు దగ్గర నిలబడి ఆవిడ కందనకాయ చేతిలోకి తీసుకుని అంచు వెంట కత్తితో చీల్చి, విప్పి, లోపలి ఇసుక కడిగి, బొటనవేలు గోరుతో ఆ గరుకు పసుపు పొరని ఒక్క ముక్కగా ఒలిచి పారేశారు. నాకు నోట మాట రాలేదు.

మాది తెనాలి దగ్గర పల్లె. ఆదివారం కోడి అంటే నాన్నమ్మ పెరట్లో కత్తిపీట ముందేసుకుని కూర్చునేది. ఈకలు పీకి, పసుపు రాసి, తాటాకు మంట మీద కాల్చిన కోడి. పిల్లలం చుట్టూ చేరేవాళ్ళం, ఎవరి ధ్యాసా ముక్కల మీద ఉండేది కాదు, అందరికీ కందనకాయే కావాలి. నాన్నమ్మ దాన్ని చీల్చి ఆ పొర ఒలిచి, ఎవరూ ఏడవకుండా గోరంత గోరంత ముక్కలు చేసి పులుసులో వేసేది, వడ్డించేటప్పుడు గరిటతో వెతికి వెతికి తలా ఒకటి వేసేది. కార్జం తాతయ్యకి. కాళ్ళు నాన్నమ్మకే. కోడిలో వృథాగా పోయేది ఏమీ ఉండేది కాదు మా ఇంట్లో. హైదరాబాదులో చదువుకి వచ్చాక హాస్టళ్ళలో అదంతా పోయింది, బోన్‌లెస్ ముక్కల గ్రేవీలే. మళ్ళీ ఆ వేలి కదలిక నేను చూసింది రోములో.

సిన్యోరా చేతిలోంచి కత్తి అడిగి తీసుకుని మిగతావి నేను ఒలిచాను. ఆవిడ చెయ్యి తుడుచుకుంటూ నిలబడి చూశారు. "ఎవరు నేర్పారు?" "మా నాన్నమ్మ." ఆవిడ తల ఊపి, పొయ్యి దగ్గర నాకు చోటిచ్చారు. అప్పటిదాకా ఆ వంటింట్లో నేను సంచి మోసిన కుర్రాణ్ణి, అక్కణ్ణుంచి వంటకి తోడు.

పాస్తాకి సాస్ మొదట పెట్టారు. ఉల్లిపాయ, క్యారెట్, సెలెరీ కాడ మూడూ సన్నగా, ఎంత సన్నగా అంటే ఉడికాక కనపడనంత సన్నగా తరిగి, ఆలివ్ నూనెలో సన్నసెగ మీద మగ్గించారు. రంగు మారకూడదు, తియ్యటి వాసన రావాలి. కందనకాయలు ముందు వేయాలి, గట్టివి కాబట్టి. చిన్న చిన్న ముక్కలు చేసి వేసి అరగంట దాకా కాస్త కాస్త నీళ్ళు చల్లుతూ ఉడికించారు. తర్వాత గుండెకాయ ముక్కలు. అర గ్లాసు తెల్ల వైన్ పోసి, ఆ పులుపు వాసన పోయేదాకా మరగనిచ్చి, తోలు తీసిన టమాటాలు చేత్తో చిదిమి వేశారు. కార్జం అన్నిటికంటే ఆఖరున, దించడానికి ఐదు నిమిషాల ముందు. ముందే వేస్తే ఇసుకలా పొడి పొడి అయిపోతుంది, ఇది మన వేపుడికీ వర్తించే మాటే, చాలామంది పట్టించుకోరు. మిరియాలు, ఉప్పు. అల్లం లేదు, మసాలా లేదు, పసుపు కూడా లేదు. గుంటూరు జిల్లా నాలుకతో పెరిగినవాణ్ణి, చప్పగా ఉంటుందేమోనని అనుకుంటున్నా కానీ ఆ సాస్ రొట్టె ముక్కతో రుచి చూపించినప్పుడు నాకు ఏ లోటూ కనపడలేదు. కందనకాయ రుచి కందనకాయకి ఉంది, అంతకంటే ఏం కావాలి.

అది ఉడుకుతున్నంతసేపూ ఆవిడ మాట్లాడారు. 1943 జూలై 19న సాన్ లొరెంజో మీద బాంబులు పడ్డాయి, పక్కనే రైల్వే యార్డు ఉండటం వల్ల అమెరికా విమానాలు ఆ పేటని కొట్టాయి. అప్పుడు ఆవిడకి తొమ్మిదేళ్ళు. వాళ్ళ ఇంటి వరసలో సగం ఇళ్ళు పోయాయట. ఆ పేటలో ఇప్పటికీ బిల్డింగుల మధ్య కొన్ని ఖాళీలు ఉంటాయి, అంతకుముందు నేను వాటిని మామూలు ఖాళీ స్థలాలనుకునేవాణ్ణి. తర్వాత జర్మన్ల ఆక్రమణ, 1944 జూన్ దాకా రేషన్ రొట్టె, ఆకలి. యుద్ధం అయిపోయాక వాళ్ళమ్మ వండిన మొదటి ఫెర్రగోస్తో కోడి ఎలా ఉందో ఆవిడ చెప్తుంటే నేను గరిట తిప్పడం ఆపేశాను. ఒకే కోడి, పదకొండు మంది. లోపలివన్నీ పాస్తాలోకి, మాంసం కూరలోకి, తలా మెడా కాళ్ళూ మర్నాడు చారులోకి. వాళ్ళ నాన్న రోములోనే తెస్తాచ్చో అనే పేటలో ఉన్న కబేళాలో పని చేసేవారట. అక్కడ పనివాళ్ళకి కూలిలో కొంత భాగం పేగులూ తోకలూ కార్జాల రూపంలో ఇచ్చేవాళ్ళు. రోము పేదల వంటల్లో చాలా అలా పుట్టినవే, కబేళా 1975లో మూతపడినా ఆ వంటలు ఇంకా ఉన్నాయి, ఇప్పుడు పెద్ద పెద్ద హోటళ్ళలో కూడా పెడుతున్నారు.

కోడికూర సాయంత్రం మొదలుపెట్టారు. అది ఒకరోజు ముందే వండి పెట్టుకునే కూర. తోలుతో సహా ఎముక ముక్కలు వెడల్పాటి మూకుడులో ఆలివ్ నూనె, వెల్లుల్లి వేసి, తోలు వైపు కిందకి పెట్టి కదపకుండా ఎర్రగా కాల్చాలి. ముక్కలు కిక్కిరిసి ఉంటే నీళ్ళూరిపోతాయి, అందుకే రెండు విడతలు. ఒక గ్లాసు వైన్, అది ఆవిరయ్యాక టమాటాలు, ఆ తర్వాత కిటికీ గట్టు మీద చిన్న మట్టికుండీలోంచి ఆవిడ నాలుగు రెమ్మలు తుంచి చేతిలో నలిపి వేశారు.

ఆ వాసనకి నేను ఒక్క క్షణం మా ఇంటి వాకిట్లో ఉన్నాను. మరువం. అమ్మ కనకాంబరాల దండలో మధ్య మధ్య పెట్టి కట్టే మరువం. శ్రావణ శుక్రవారాలు ఇల్లంతా ఉండే వాసన, చిన్నప్పుడు అమ్మ పక్కన పడుకుంటే జడలోంచి వచ్చే వాసన. అది వేడి నూనెలో, టమాటాలో, కోడి తోలు కాలిన వాసనతో కలిసి వస్తోంది. ఆవిడతో చెప్పాను, మా ఊళ్ళో ఆడవాళ్ళు దీన్ని జడలో పెట్టుకుంటారని. ఆవిడ ఒక రెమ్మ తుంచి తన తెల్లజుట్టులో చెవి వెనక దోపుకుని, ఆ సాయంత్రమంతా దాన్ని తియ్యలేదు.

కాప్సికాలు గ్యాస్ మంట మీద నల్లగా కాల్చి, మూత పెట్టి మగ్గించి, తోలు తీసి వేళ్ళంత పొడుగు ముక్కలుగా చీల్చారు. అవి ఆఖరి పది నిమిషాల్లో కలపాలి. కొంతమంది తోలు తియ్యరట, తీస్తేనే తేలిగ్గా అరుగుతుందని ఆవిడ పట్టు. నాకోసమని ఒక ఎండుమిరపకాయ కూడా వేశారు. నూనె పైకి తేలాక పొయ్యి కట్టేసి మూత పెట్టి, రేపటిదాకా దీన్ని ఎవరూ కదపకూడదన్నారు. ఉన్నది మేమిద్దరమే.

15 పొద్దున ఎంబసీ వాళ్ళ జెండా వందనానికి వెళ్ళాను. చొక్కా ఇస్త్రీ చేసుకుని, ఖాళీ వీధుల్లో నడుచుకుంటూ. జనగణమన పాడుతుంటే గొంతు పట్టేసింది, పరాయి దేశంలో ఆ పాట వేరేగా వినపడుతుంది. తిరిగొచ్చేసరికి సిన్యోరా చెక్కబల్ల మీద పిండి కుప్పపోసి సిద్ధంగా ఉన్నారు. 100 గ్రాముల మైదాకి ఒక గుడ్డు, అదే లెక్క, నీళ్ళు చుక్క కూడా లేవు. పది నిమిషాలు అరచేతి మడమతో నొక్కి పిసికి, అరగంట గిన్నె బోర్లించి ఉంచి, గజం పొడుగు కర్రతో పల్చగా వత్తి, పిండి చల్లి, చాపలా చుట్టి, కత్తితో కోసి, వేళ్ళతో విదిలిస్తే ఫెత్తుచ్చీనే. నేను వత్తిన వైపు కొంచెం మందంగా వచ్చింది, పర్లేదు నమలడానికి బావుంటుందన్నారు.

ఉడికించడం గురించి ఒక్క మాట, ఎందుకంటే మన ఇళ్ళలో పాస్తా పాడయ్యేది ఎక్కువగా అక్కడే. 100 గ్రాములకి లీటరు నీళ్ళు, లీటరుకి 10 గ్రాముల ఉప్పు. నీళ్ళు తెర్లాక వేయాలి. నూనె వేయక్కర్లేదు. చేత్తో చేసిన గుడ్డు పాస్తా రెండు మూడు నిమిషాల్లో అయిపోతుంది. ఎండు పాస్తా అయితే లోపల పంటికి తగిలేలా ఉన్నప్పుడే తీసి, సాస్‌లోకి వేసి, ఉడికిన నీళ్ళు గరిటెడు పోసి కలుపుతూ మిగతాది సాస్‌లోనే ఉడకనివ్వాలి. ఆ నీళ్ళలో ఉన్న గంజే సాస్‌ని పాస్తాకి పట్టిస్తుంది. చల్లనీళ్ళతో కడిగితే ఆ గంజి పోతుంది, ఇక సాస్ ఎంత మంచిదైనా పళ్ళెం అడుగున మడుగులా ఉండిపోతుంది.

ముందు పాస్తా వడ్డించారు, పైన పెకొరీనో చీజ్ తురుము. అది పూర్తిగా తిని, పళ్ళెంలో మిగిలిన సాస్ రొట్టె ముక్కతో తుడిచి నోట్లో వేసుకున్నాక, వేరే పళ్ళెంలో కోడి. నేను అడిగాను, రెండూ ఒకే పళ్ళెంలో పెట్టుకోరా అని. "పాస్తాని చూడు, దానికి ఒక మనిషి పొద్దున్నించి పని చేసింది. దాని పక్కన కోడి పెడితే ఎవరు చూస్తారు?" అన్నారు. నాకు మా పెళ్ళిళ్ళలో విస్తరి గుర్తొచ్చింది. పప్పూ నెయ్యీ అయ్యాక కూర, కూర అయ్యాక పులుసు, చివరికి పెరుగు, ఎవరూ చెప్పకపోయినా చెయ్యి ఆ వరసలోనే వెళ్తుంది. కోడికూర గోరువెచ్చగా ఉంది, వేడిగా లేదు, అలాగే తినాలట. రాత్రంతా ఉండి కాప్సికం తీపీ టమాటా పులుపూ ముక్క లోపలికి దిగాయి. ఎముకలు చేత్తో పట్టుకుని తిన్నాం. పుచ్చకాయ అయ్యాక ఆవిడ కుర్చీలోనే కునికారు, నేను గిన్నెలు తోమాను, ఆవిడ లేచాక కాఫీ. సాయంత్రం దాకా కబుర్లు. తర్వాతి ఏడాది కూడా అలాగే చేశాం, ఆ ఏడు వాళ్ళబ్బాయి, కోడలు, చంటిబిడ్డ కూడా వచ్చారు. నేను ఇండియా వచ్చేశాక క్రిస్మస్‌కీ ఆగస్టుకీ ఫోన్ చేసుకునేవాళ్ళం. ఆవిడ పోయారని వాళ్ళబ్బాయి చెప్పినప్పుడు ఆ రోజు వంట చెయ్యబుద్ధి కాలేదు, రెండు రోజుల తర్వాత ఆగస్టు కాకపోయినా కోడి వండాను.

ఇప్పుడు మేము హైదరాబాదులో ఉంటున్నాం. కేఫ్‌లకి వెళ్తే వైట్ సాస్ చికెన్ పాస్తా, రెడ్ సాస్ చికెన్ పాస్తా, చికెన్ ఆల్‌ఫ్రెడో ఉంటాయి. మా పాపకి అవి ఇష్టం, నేను కాదనను. ఆల్‌ఫ్రెడో అనే ఆయన రోములో వియా దెల్లా స్క్రోఫా వీధిలో 1914లో హోటల్ పెట్టాడు, ఆయన ఫెత్తుచ్చీనేలో ఉండేది వెన్న, పార్మిజానో చీజ్, అంతే. క్రీమూ కోడీ అమెరికా వెళ్ళాక వచ్చి చేరాయి. ఇటలీ దక్షిణాది నుంచి అమెరికా వలస వెళ్ళిన బీదవాళ్ళకి అక్కడ మాంసం అందుబాటులోకి వచ్చింది, పండగకి మాత్రమే చూసిన కోడిని మామూలు రోజున పాస్తా పక్కనే పెట్టుకుని కడుపునిండా తిన్నారు, అందులో తప్పేముంది. కానీ ఇంట్లో ఒక్కరోజైనా ఆ రెంటినీ విడివిడిగా, ఒక కోడిలోంచే రెండు వంటలుగా వండి చూడమని ఎవరు అడిగినా చెప్తాను. పాస్తా రుచి అప్పుడు తెలుస్తుంది. కోడి రుచీ అప్పుడే తెలుస్తుంది.

ఇక్కడ దొరికేవాటితో నేను చేసే మార్పులు కొన్ని ఉన్నాయి. అమ్మ తింటుంది కాబట్టి వైన్ పోయను, కాళ్ళూ మెడా మరిగించిన నీళ్ళలో చెంచాడు వెనిగర్ కలిపి పోస్తాను, సరిపోతుంది. చీజ్ పెకొరీనో దొరక్కపోతే పార్మిజానో రకం ఏదైనా, ప్రాసెస్‌డ్ చీజ్ మాత్రం వద్దు. టమాటా దేశవాళీది వెతికి తెస్తాను, హైబ్రిడ్‌లో తోలే గట్టి, పులుపు ఉండదు. 2023లో వేసవి అయ్యాక టమాటా కిలో 200 దాటిన రోజుల్లో కూడా పండగ మానలేదు, టమాటా తగ్గించి కాప్సికం పెంచాను, ఎర్ర కాప్సికం కంటే టమాటా ఖరీదైన రోజులు అవి. ఎండు పాస్తా కొంటే ప్యాకెట్ వెనక డ్యూరమ్ గోధుమ (గట్టి గింజ రకం) అని ఉందో లేదో చూసుకోండి, ఇటలీలో 1967 నుంచి చట్టమే ఉంది, ఎండు పాస్తా ఆ గోధుమ రవ్వతోనే చెయ్యాలని. మైదాతో చేసినవి నీళ్ళలో వేయగానే మెత్తబడి అతుక్కుపోతాయి.

మరువం మొదట్లో గుడిమల్కాపూర్ పూల మార్కెట్ నుంచి తెచ్చేవాణ్ణి, కానీ పూలవాళ్ళ దగ్గరిది మందులు కొట్టి ఉంటుంది, తినడానికి పనికిరాదు. ఇప్పుడు బాల్కనీలో కుండీలో పెంచుతున్నాం, నీళ్ళు నిలవకుండా చూస్తే బాగా వస్తుంది. అమ్మ మొదటిసారి చూసినప్పుడు కుండీకి అడ్డంగా నిలబడింది. "పూలల్లో పెట్టుకునేది, దేవుడికి పెట్టేది, తీసుకెళ్ళి కోడికూరలో వేస్తావట్రా?" అంది. వేశాక తిని, కాసేపు ఏమీ అనకుండా రెండో ముక్క వేసుకుంది. అమ్మ పాస్తా కూడా తింటుంది, కందనకాయలుంటేనే. కోడికూర మాత్రం వేడి అన్నంలోకే, ఆవిడ పద్ధతి ఆవిడది. రెండు రెమ్మలు చాలు, నాలుగు వేస్తే గుడికి వెళ్ళినట్టుంటుందని ప్రతి ఏడూ చెప్తుంది. నేను మూడు వేస్తున్నాను.

ఈ ఏడాది పిన్ని కూతుళ్ళు పిల్లల్తో సహా వస్తామన్నారు. రెండు కోళ్ళు కావాలి, కందనకాయలూ గుండెకాయలూ విడిగా అరకిలో, కార్జం పావుకిలో. చికెన్ కొట్టు అబ్బాయికి 12నే చెప్పి పెట్టాలి, లేకపోతే మాట్లాడేలోపే తోలు తీసేసి, అన్నీ కలిపి కర్రీ కట్ కొట్టి కవర్లో పోసేస్తాడు.